తెర మీద సెవెరిన్ అన్న మాట

సెవెరిన్ కోఫోడ్ చేతుల్లో నేను పంతొమ్మిదిసార్లు చచ్చిపోయాను. ఎక్కువసార్లు క్షయతో, రెండుసార్లు విషం తాగి, ఒకసారి గుర్రబ్బండి కింద పడి. ఇప్పుడు నాకు డెబ్బై దాటాయి. అసలు చావు కోసం తీరిగ్గా కూర్చున్నాను కాబట్టి ఆ పంతొమ్మిది చావులనీ తలుచుకుని నవ్వుకోవడానికి బోలెడంత వ్యవధి ఉంది. మొన్న మా మనవరాలు ఏదో పత్రికలో పాత ఫొటో చూపించి, "మామ్మా, ఈ మీసాలాయన ఎవరు? ఎంత బాగున్నాడో!" అంది. చూద్దును కదా, సెవెరిన్. కింద పేరు తప్పు వేశారు, ఊరు తప్పు వేశారు. నాకు ఒళ్లు మండింది. అందుకే ఇది రాస్తున్నాను. ఆ మీసాలు అతికించినవి. మనిషి మాత్రం అసలైన మనిషి.

సెవెరిన్‌ది బోర్న్‌హోమ్ దీవి. మా దేశం ఒకచోట ఉంటే ఆ దీవి స్వీడన్‌ని దాటి సముద్రంలో ఇంకెక్కడో ఉంటుంది. అందుకని మా రాజధాని కోపెన్‌హేగెన్‌లో ఆ దీవి వాళ్లు ఎవరు కనపడినా "రిజర్వు స్వీడన్‌వాడు" అని, అంటే సగం పరాయివాడని, ఏడిపించేవాళ్లం. మేం మాటల్ని సగం గొంతులోనే మింగేస్తాం. వాళ్లు ప్రతి మాటనీ పాడతారు. పంతొమ్మిదేళ్లకి నాటకాల పిచ్చితో పడవెక్కి వచ్చిన సెవెరిన్‌కి ఒక చిన్న నాటకశాలలో సేవకుడి వేషం దొరికింది. ఉన్నది ఒక్కటే మాట: "రాణిగారు కన్నుమూశారు." అతను గుండెలు బాదుకుంటూ వచ్చి ఆ ముక్క తన దీవి రాగంలో పాడేసరికి హాలంతా పగలబడి నవ్వింది.

"ఏ పడవెక్కి వచ్చావురా? రాణిగారికి చేపలు తెచ్చావా?" అని గ్యాలరీలోంచి ఎవడో అరిచాడట. మర్నాటి నుంచి ఆ వేషం ఇంకొకడికి ఇచ్చారు.

అలాంటివాడికి బయస్కోపు దేవుడిచ్చిన వరం కాక మరేమిటి? అక్కడ నోరు ఉండాలి గానీ గొంతు అక్కర్లేదు. 1908లో మా కంపెనీలో చేరాడు. నేను ఆ మరుసటేడు చేరాను.

ఊరి చివర తోటల మధ్య మా గాజు షెడ్డు ఉండేది. ఎండ వెలుగులోనే ఫిల్ము తీసేవాళ్లం కాబట్టి గోడలు గాజు, కప్పు గాజు. ఎండాకాలంలో లోపల రొట్టెల పొయ్యిలో కూర్చున్నట్టుండేది, చలికాలంలో కోటు తీస్తే పళ్లు టకటకలాడేవి. ఒకే కప్పు కింద మూడు కథలు జరిగేవి. ఇటు పక్క నేను క్షయతో దగ్గుతుంటే అటు పక్క ఎవరో పెళ్లి చేసుకునేవాళ్లు, వెనకాల వడ్రంగులు మేకులు కొడుతూ ఈలలు వేసేవాళ్లు. ఎరుపు ఫిల్ములో నల్లగా పడేది కాబట్టి మొహాలకి పసుపు రంగు, పెదాలకి మాత్రం ఎర్రటి గీత. మధ్యాహ్నం భోజనానికి కూర్చుంటే కౌంటు దొరలూ కూలీలూ అందరం కామెర్లు వచ్చినవాళ్లలా ఉండేవాళ్లం. నల్ల రొట్టె మీద పందికొవ్వు రాసుకుని, ఉప్పు చల్లుకుని, బీరుతో తినేవాళ్లం. అంత రుచిగా మళ్లీ ఎక్కడా తినలేదు. ఆ రోజుల్లోకి ఒక్క పూట వెళ్లి రమ్మంటే ఇప్పుడే చెప్పులు తొడుక్కుంటాను.

మాటలు వినపడవు కాబట్టి కెమెరా తిరుగుతున్నప్పుడు ఎవరికి తోచింది వాళ్లు అనేవాళ్లం. ప్రేయసి కాళ్ల మీద పడి "నీ నోరు ఉల్లిపాయ కంపు కొడుతోంది" అన్న నాయకులు ఉన్నారు. అయినా కొంచెం జాగ్రత్త పడేవాళ్లం, ఎందుకంటే ఎదురుగా ఉన్నవాళ్లు నవ్వితే ఫిల్ము పాడవుతుంది, డైరెక్టరు తిడతాడు. సెవెరిన్‌కి ఆ బాధ లేదు. తన దీవి భాషలో ఏం తిట్టుకున్నా మాకెవరికీ ఒక్క ముక్క అర్థమయ్యేది కాదు. మాకు కనిపించేదల్లా అతని మొహం. ఆ మొహంలో మాట పెదాల దాకా రాకముందే కళ్లలో కనిపించేది.

"ఏ గురువు దగ్గర నేర్చుకున్నావయ్యా ఇదంతా?" అని మా డైరెక్టరు అడిగేవాడు.

"మా ఊళ్లో చేపలకి పొగపెట్టే కొట్టులో," అనేవాడు సెవెరిన్. అందరం నవ్వేవాళ్లం. అది నిజమని అప్పటికి నాకు తెలియదు.

1912 సెప్టెంబరులో 'కౌంటు చెల్లెలు' తీశాం. కథ చెప్పాలంటే ఇప్పుడు సిగ్గేస్తుంది. సెవెరిన్ కౌంటు, నేను క్షయ చెల్లెల్ని. చివర్లో అతను నన్ను రెండు చేతుల మీద ఎత్తుకుని, మేడమెట్లు ఎక్కి, పెద్ద కిటికీ ముందు నిలబడతాడు. నేను సాయంత్రపు ఎండ చూస్తూ ప్రాణం వదలాలి. అంతే. కాకపోతే మా నాన్నకి వెస్టర్‌బ్రో పేటలో మాంసం సాసేజీల కొట్టు ఉండేది. మేకప్పు మనిషి నా చెంపల కింద ఎంత నల్లరంగు పులిమినా మా నాన్న సాసేజీలని దాచడం అతని వల్ల కాలేదు. పొద్దుటి నుంచి సెవెరిన్ నన్ను ఏడుసార్లు ఎత్తాడు. ఒకసారి ఫిల్ము ఇరుక్కుంది, ఒకసారి గాజు కప్పు మీద పావురం వాలి దాని నీడ నా ముక్కు మీద పడింది, ఒకసారి నాకు తుమ్ము వచ్చింది. ఎనిమిదోసారి ఎత్తేసరికి పడమట మబ్బు కమ్ముకొస్తోంది.

"వెలుగు పోతోంది! ఇదే ఆఖరు, కానివ్వండి!" అని డైరెక్టరు అరిచాడు.

ఆ రోజుల్లో నా మొహం దగ్గరగా చూపించిన మొదటి దృశ్యం అది. తొందరపడి చావడానికి నాకేం ఖర్మ? కళ్లు మూశాను, మళ్లీ తెరిచాను. నవ్వాను. చెయ్యెత్తి కిటికీ వైపు చూపించాను. సెవెరిన్ మొహం నా మొహానికి జానెడు దూరంలో ఉంది. కళ్ల నిండా నీళ్లు. అవి చేతుల నొప్పికి వచ్చిన నీళ్లని నాకు తెలుసు. పెదాలు వణుకుతూ ఏదో అన్నాడు, తన భాషలో, పొడుగ్గా. అబ్బ, ఎంత బాగా చేస్తున్నాడో అనుకుని అప్పుడు చచ్చాను. డైరెక్టరు రుమాలు తీసి కళ్లు తుడుచుకున్నాడు. ఆ చోట తెర మీద "చెల్లీ, నన్ను విడిచి వెళ్లకు!" అని అక్షరాలు వేశారు.

"ఏమన్నావు ఇందాక?" అని అడిగాను.

"ప్రార్థన చేశాను," అన్నాడు మోచేతులు రుద్దుకుంటూ.

మరుసటి మార్చిలో ఒక రోజు మధ్యాహ్నం భోజనాల దగ్గర అతనికి ఉత్తరం వచ్చింది. చదువుతూ చదువుతూ రొట్టె కింద పెట్టేశాడు. పసుపు రంగు వెనకాల కూడా మొహం పాలిపోవడం కనిపించింది. నాకు ఊరుకోవడం చేతకాదు. లాక్కుని చదివాను.

"తమ్ముడూ, నీ బొమ్మ వచ్చే ఆదివారం మధ్యాహ్నం మన ఊరు రొన్నెలో హోటలు హాల్లో వేస్తారట. నువ్వు నాటకాలన్నప్పుడు నేను పట్టించుకోలేదు, నేనొచ్చి ఏం చేసుకోను. ఇది వేరట. ఇందులో ఎవరికీ ఏమీ వినపడదట, ఎంత గొప్పవాళ్లయినా నాలాగే కూర్చుని చూడాల్సిందేనట. పక్కింటి ఎల్నా చెప్పింది, నీ మొహం గుమ్మమంత ఉంటుందట. మొదటి వరసలో చోటు పట్టించాను. మూడేళ్లయింది నీ మాట చూసి. అక్క, బోడిల్."

"నీ మాట చూసి" అన్న ముక్క దగ్గర ఆగిపోయాను. అప్పుడు చెప్పాడు సెవెరిన్. అక్కకి పదకొండేళ్లప్పుడు జ్వరం వచ్చి వినికిడి పూర్తిగా పోయింది. తల్లి అప్పటికే లేదు, రెండేళ్లకి తండ్రి పడవ తిరిగి రాలేదు. అక్క పొగకొట్టులో పనికి చేరి తమ్ముణ్ని పెంచింది. ఆవిడ పెదాలు చూసి మాట పట్టేది. కొట్టులో పొగ, వాకిట్లో జనం, అంత దూరం నుంచి కూడా ఆవిడకి అర్థం కావాలంటే నోరు స్పష్టంగా కదలాలి, మొహమంతా కలిసి మాట్లాడాలి. సంతలో బేరమైనా చర్చిలో ప్రసంగమైనా తమ్ముడు ఎదురుగా నిలబడి మొహంతో మళ్లీ చెప్పాలి. పన్నెండేళ్లు అదే పని. మా డైరెక్టరు అడిగిన గురువు ఆవిడే.

"మంచిదే కదా, చూడనీ," అన్నాను. "ఆవిడ కోసమే తీసినట్టుంది ఈ బయస్కోపు."

"ఆ రోజు కిటికీ దగ్గర నేనేమన్నానో తెలుసా నీకు?"

"ప్రార్థన అన్నావుగా."

"ప్రార్థనా, పాడా! 'ఎంత బరువున్నావే నువ్వు! మోసి మోసి నా చేతులు పడిపోయాయి. చావవే తొందరగా, చచ్చి నన్ను వదిలిపెట్టు' అన్నాను."

"బరువా? నేనా?"

"రాగ్నా, నీ కోపం రేపటికి అట్టే పెట్టుకో, నీకు పుణ్యముంటుంది."

"సరే, అన్నావు. నన్నే కదా అన్నావు. మీ అక్కకేం పోయింది?"

సెవెరిన్ నా చేతిలోంచి ఉత్తరం తీసుకుని మడిచాడు. "నిన్నే అన్నాను. కానీ ఆ మాట నీ కోసం పుట్టలేదు. పదిహేను పదహారేళ్లప్పుడు నా ఈడు వాళ్లంతా ఓడలెక్కి పోతుంటే నేను ఆ కొట్టులో అక్కకి చెవుల్లా పడున్నాను. అప్పుడు వీపు తిప్పి ఇదే గొణుక్కునేవాణ్ని. 'ఎంత బరువే నువ్వు, నన్ను వదిలిపెట్టు.' ఆవిడకి వీపు తిప్పితే చాలు, ఏమైనా అనొచ్చు. చివరికి ఆవిడే 'నీ మెడకి రాయిలా నేనుండను, పో' అని పడవెక్కించింది. ఊళ్లో అందరికీ ఒకటే చెప్పుకుంటుంది, నా తమ్ముడికి నేనెప్పుడూ బరువు కాలేదు అని. వీపు తిప్పి దాచిన మాట ఇప్పుడు గుమ్మమంత మొహంతో ఎదురుగా నిలబడి అంటాను."

ప్రతి ఆదివారం అక్కకి ఉత్తరం రాస్తూ కూర్చునేవాడు, సర్కస్ చూద్దాం రమ్మన్నా వచ్చేవాడు కాదు. పిసినారి అనుకునేదాన్ని.

మేనేజరు దగ్గరికి వెళ్లి, రొన్నెకి పంపే ఫిల్ములో ఆ ముక్క కత్తిరించమని బతిమాలాడు. "ఆ ముక్క కోసమే జనం వస్తున్నారు, నీకేమైనా పిచ్చా?" అన్నాడాయన. ఇక మిగిలిన దారి ఒక్కటే, అతనే వెళ్లి అక్కకి ముందే చెప్పుకోవడం. నేనూ బయలుదేరాను. గొడవంతా నా బరువు వల్ల వచ్చింది, ఇంట్లో ఎలా కూర్చోను? శనివారం స్టీమరెక్కాం. సముద్రం నా కడుపులో ఏమీ మిగల్చలేదు. ఆదివారం పొద్దున రొన్నెలో దిగాం.

బోడిల్ రేవుకొచ్చింది. పొడుగాటి మనిషి, మగవాళ్ల భుజాలు, చేతులకి పొగ వాసన. ఆవిడ ఎవరి కళ్లలోకీ చూడదు, నోటి వైపు చూస్తుంది. మొదట్లో నా పళ్ల మధ్య ఏదో ఇరుక్కుందేమో అనుకున్నాను. గొంతు మాత్రం రేవు రేవంతా వినపడుతుంది.

"నువ్వే కదూ ఇందులో చచ్చేది?" అని అడిగింది నన్ను.

"అవునండీ."

"మొహం చూస్తే ఇప్పుడే చచ్చేట్టున్నావు. రా, ముందు తిను, తర్వాత చద్దువు."

అప్పుడే పొగలోంచి తీసిన బంగారు రంగు హెర్రింగ్ చేపలు, నల్ల రొట్టె, పైన పచ్చి గుడ్డు సొన. మూడు తిన్నాను. సెవెరిన్ ఒక్కటీ ముట్టలేదు. రెండుసార్లు అక్క ఎదుట కూర్చుని నోరు తెరిచాడు. నేను బల్ల కింద కాలితో తన్నాను కూడా. రెండుసార్లూ "చేప బాగుంది" అన్నాడు.

"తినకుండానే బాగుందని ఎలా తెలిసిందిరా?" అంది బోడిల్.

ఆట మూడు గంటలకి. అరగంట ముందే మేం హోటలు హాలుకి వెళ్లి మెషీను తిప్పే ఆయన్ని పట్టుకున్నాం. మూడో రీలు చివర్లో ఫిల్ము తెగిందని చెప్పమన్నాం.

"మీరు తెగమంటే తెగుతుందా?" అన్నాడాయన. "మా ఊరి ఆడవాళ్లు ఆ చావు కోసం ఇస్త్రీ చేసిన రుమాళ్లు తెచ్చుకున్నారు. అక్కడ ఫిల్ము తెగితే ఇక్కడ నా మెడ తెగుతుంది. వెళ్లి కూర్చోండి బాబూ."

కూర్చున్నాం. మొదటి వరసలో బోడిల్, ఆవిడకి ఇటు సెవెరిన్, అతని పక్కన నేను, అటు వైపు ఎల్నా. చర్చిలో వాయించే పంతులమ్మ పియానో దగ్గర కూర్చుంది. దీపాలు ఆర్పారు. మొదటి దృశ్యంలో విందు. కౌంటుగారు ఒక దొరసాని ముందు వంగి చెయ్యి ముద్దు పెట్టుకుంటాడు. తెర మీద "మీ అందం ముందు చంద్రుడు వెలవెలపోతాడు" అని అక్షరాలు.

"కాదు!" అంది బోడిల్ హాలంతా అదిరేటట్టు. "వాడు అదనడం లేదు. 'ఈ బూట్లు కరుస్తున్నాయి, ఏ వెధవ కాళ్లవో' అంటున్నాడు!"

వెనక వరసలో ఎవరో కిసుక్కుమన్నారు. ఆ తర్వాత హాలంతా. వాళ్ల ఊరివాడు వాళ్ల భాషలోనే మాట్లాడుతున్నాడని తెలిశాక ఇంకేముంది! కత్తియుద్ధం వచ్చింది.

"ఏమంటున్నాడే బోడిల్?" అని ఎల్నా ఆవిడ మోచెయ్యి లాగి, తెర వెలుగులో తన మొహం చూపించి అడిగింది.

"'నా చెవి నరక్కు, నీకు బీరు పోయిస్తా' అంటున్నాడు!"

తండ్రి సమాధి దగ్గర కౌంటు మోకాళ్ల మీద పడ్డాడు. "ఇప్పుడో?" అన్నారు నాలుగు గొంతులు, ఎల్నా మళ్లీ మోచెయ్యి లాగింది. "చీమలు! చీమలు కుడుతున్నాయట!" పంతులమ్మ నవ్వాపుకోలేక పియానో మీద తల పెట్టేసింది. మా కంపెనీ తీసిన అతి పెద్ద విషాదం చూసి అంతలా నవ్విన ఊరు ఇంకోటి లేదు. మామూలుగా అయితే నేను కూడా పొట్ట చేత్తో పట్టుకునేదాన్నే. కానీ పక్కన సెవెరిన్ కుర్చీలోకి కుంగిపోతున్నాడు. అక్కకి చదవడం ఎంత బాగా వచ్చో ప్రతి నవ్వుతోనూ తెలిసిపోతోంది.

మూడో రీలు. మేడమెట్లు. కిటికీ. అతని మొహం తెర నిండా వచ్చింది, పెదాలు బొగ్గుతో గీసినట్టు నల్లగా. సెవెరిన్ నా చెయ్యి పట్టుకున్నాడు. నేను తెర వైపు చూడలేదు, బోడిల్ వైపు చూశాను. మాట పట్టేటప్పుడు ఆవిడ పెదాలు కూడా కొంచెం కదులుతాయి. అవి కదిలాయి. కదిలి కదిలి ఆగిపోయాయి. ఆవిడ మొహంలో అంతసేపూ ఉన్న నవ్వు ఎటు పోయిందో పోయింది. నా జీవితంలో నేను అంత సిగ్గుపడ్డ క్షణం ఇంకోటి లేదు, మాట అన్నది నేను కాకపోయినా.

"ఏమంటున్నాడే?" అంది ఎల్నా మోచెయ్యి లాగి. హాలంతా ఎదురుచూస్తోంది.

బోడిల్ ఎల్నా మొహం చూసి మళ్లీ తెర వైపు తిరిగింది. తర్వాత అదే పెద్ద గొంతుతో అంది: "'నన్ను విడిచి పోకు అక్కా, నాకింకెవరున్నారు' అంటున్నాడు."

కథలో నేను చెల్లెల్ని. అక్కా అని ఎందుకంటాడని ఆ హాల్లో ఎవరికీ అనుమానం రాలేదు. ఇస్త్రీ రుమాళ్లన్నీ బయటికొచ్చాయి. అందరికంటే గట్టిగా ఏడ్చింది సెవెరిన్.

బయటికొచ్చాక రేవు గోడ దగ్గర అతను అక్క భుజం పట్టుకుని తన వైపు తిప్పుకున్నాడు. "అక్కా, అక్కడ నేను..." అన్నాడు. బోడిల్ మొహం సముద్రం వైపు తిప్పేసుకుంది. మనకి చెవులు మూసుకోవడం కష్టం, ఆవిడకి మొహం తిప్పితే చాలు. అతను చుట్టూ తిరిగి ఎదురుగా వెళ్లాడు. ఆవిడ ఇటు తిరిగింది. మళ్లీ అటు వెళ్లాడు. ఆవిడ మళ్లీ ఇటు.

"చలిగాలి," అంది ఓడలకి చెప్తున్నట్టు. "పదండి, కాఫీ పెడతాను."

ఆ తర్వాత సెవెరిన్ కెమెరా ముందు ఒక్క చెడ్డ మాట అనలేదు. మాకు భోజనాల దగ్గర నవ్వుకోవడానికి ఏమీ లేకుండా పోయింది. దాని బదులు కొత్త అలవాటు ఒకటి పట్టుకుంది. ప్రతి బొమ్మలోనూ ఎక్కడో ఒకచోట కెమెరా వైపు తిరిగి తన భాషలో "అక్కా, తిన్నావా?" అనేవాడు. విషం తాగబోయేముందు, పెళ్లి పీఠం ముందు, జైలు కిటికీలోంచి. "ఆ దూరపు చూపులో అంతులేని వేదన" అని పత్రికలు రాసేవి. రొన్నె హాల్లో మాత్రం మొదటి వరసలోంచి "తిన్నాన్రా!" అని కేక వినపడేదట. మిగతావాళ్లకి అది అలవాటైపోయిందని ఎల్నా రాసేది.

నాలుగైదేళ్లు అతనికి బాగానే జరిగింది. బొమ్మ ఉన్న పోస్టుకార్డులు అమ్మేవాళ్లు. జర్మనీలో గోడల మీద అతని మీసాలు గజం పొడుగున ఉండేవట. నా గురించి కూడా చెప్పాలి కదా. పెళ్లి మాట ఎత్తుతాడేమోనని నేను రెండేళ్లు ఎదురుచూశాను. ఎత్తలేదు. నేను ఎత్తితే ఏమయ్యేదో ఇప్పటికీ అనుకుంటూ ఉంటాను. అచ్చు కూర్చే ఎయినార్‌ని చేసుకున్నాను, మంచివాడు, నేను ఎంత బరువో ఒక్కసారి కూడా అనలేదు. ఎత్తి చూస్తే కదా!

యుద్ధం వచ్చింది. దేశాలన్నీ తలుపులు మూసేసుకున్నాయి, మా బొమ్మలు కొనేవాళ్లు లేకపోయారు. గాజు షెడ్డులో పగిలిన అద్దాలు మార్చడం మానేశారు. లోపల గడ్డి మొలిచింది. సెవెరిన్ కౌంటు వేషం నుంచి కౌంటు తండ్రికి, అక్కణ్నుంచి కౌంటు బండివాడికి దిగాడు. ఎప్పుడూ నోరు తెరిచి బాధపడలేదు. "బండివాడికి బూట్లు వదులుగా ఉంటాయి రాగ్నా," అనేవాడు.

1931లో మాటల బొమ్మ వచ్చింది. అతనికి ఒక్కటే మాట: "బండి సిద్ధంగా ఉందండీ." ఇరవై మూడేళ్ల తర్వాత కూడా ఆ రాగం పోలేదు. పద్నాలుగుసార్లు చెప్పించారు. శబ్దం పట్టే కుర్రాడు నవ్వుతూ చెవుల మీది గొట్టాలు తీసేశాడు. చివరికి మాట తీసేసి వంగి దండం పెట్టడం మాత్రం ఉంచారు. ఆ బొమ్మ రొన్నెకి వెళ్లినప్పుడు బోడిల్ నాకు ఉత్తరం రాసింది. "వాడు నోరు మూసుకుని వంగాడు, అంతే. ఒంట్లో బాగాలేదేమోనని భయపడ్డాను. మిగతావాళ్లు పక్కలకి తిరిగి మాట్లాడుకుంటున్నారు, తెర మీద అక్షరాలు కూడా లేవు. అందరూ నవ్వుతున్నారు. హాల్లో నేనొక్కదాన్నే చెవిటిదాన్ని. ఇంక వెళ్లను."

ఆ ఉత్తరం అతనికి చూపించాను. వారం తిరక్కుండా పెట్టె సర్దుకుని దీవికి వెళ్లిపోయాడు. అక్కతో కలిసి చేపలకి పొగపెడుతూ ఆరేళ్లు బతికాడు. 1937 వసంతంలో గుండె ఆగి పోయాడు. సమాధి దగ్గర ఊళ్లోవాళ్లు పాతికమంది, సినిమావాళ్లలో నేనొక్కదాన్నే.

అక్కణ్నుంచి వచ్చాక బోడిల్ వంటింట్లో కాఫీ పోసింది. కిటికీ వెలుగు నా మొహం మీద పడేట్టు కూర్చుని, ఇరవై నాలుగేళ్లుగా నా కడుపులో ఉన్నది మెల్లగా, స్పష్టంగా అడిగాను. "ఆ రోజు హాల్లో... అతను నిజంగా అన్న మాట మీకు తెలిసింది కదా?"

"తెలియకపోవడమేమిటి? అంత పెద్ద నోరు."

"మరి చెప్పుకోనివ్వలేదే! పాపం, బతికినన్నాళ్లూ..."

"తెలుసు. నాకు కోపం వచ్చింది. ఒక ఏడాది కోపం. అది పోయాక ఆ మాట ఎలా ఎత్తాలో తెలియలేదు. ప్రతి బొమ్మలోనూ తిన్నావా అంటుంటే ఇంకేం అడగను?"

"అన్నది నన్నేనండీ," అన్నాను. నాకు ఏడుపొచ్చేసింది. "నేను లావు. పొద్దుటి నుంచి ఎనిమిదిసార్లు మోశాడు."

"నిన్నే అన్నాడు. కానీ మొదటిసారి అనే మాట అంత బాగా రాదమ్మాయ్. అది ఏళ్ల తరబడి నోట్లో నానిన మాట. చిన్నప్పుడు నాకు వీపు తిప్పి గొణిగేవాడు, నాకు తెలియదనుకునేవాడు. వీపు కూడా మాట్లాడుతుంది."

చేతులు నడుముకి కట్టుకున్న వంటగుడ్డకి తుడుచుకుని నా ఎదురుగా కూర్చుంది. మొదటిసారి నోటి వైపు కాకుండా నా కళ్లలోకి చూసింది.

"ఆ వారం ఆ బొమ్మ నాలుగు ఆటలు వేశారు. నాలుగూ చూశాను. మూడుసార్లు నోరే చూశాను. నాలుగోసారి చేతులు చూశాను. వదిలిపెట్టు, వదిలిపెట్టు అంటూనే ఉన్నాడు, చేతులు వణికిపోతున్నాయి. అయినా నిన్ను దింపలేదు. నువ్వు చచ్చాక కూడా దింపలేదు."